పెట్టెపై సంఖ్యయు, లోపలి చరిత్రయు

భూమి కొనువాడు భూమిని మాత్రమే చూచి సొమ్ము చెల్లింపడు. అమ్మువానికి ఆ భూమి యెవరివలన సంక్రమించెను, వారికెవరు విక్రయించిరి, నడుమ తనఖా యేదైన నున్నదా, సరిహద్దులు పూర్వపు దస్తావేజులతో సరిపోవుచున్నవా యని విచారించును. లింకు దస్తావేజు ఒక్కటి లోపించినను వివేకియైనవాడు వెనుదీయును. సర్వే నంబరు కాగితముపై నున్నంతమాత్రమున హక్కు సిద్ధింపదని మన పల్లెలలో చదువురానివారును ఎరుగుదురు. సంఖ్య వేరు, ఆ సంఖ్యవెనుక నుండు చరిత్ర వేరు.

ఈ చిన్న న్యాయమునే విద్యుత్తుతో నడచు బండ్ల బ్యాటరీలకును అన్వయింపవలసిన సమయము వచ్చినది. ప్రతి బ్యాటరీ పెట్టెకును 21 అక్షరములుగల యొక ప్రత్యేక సంఖ్య నొసగవలెనని ప్రతిపాదించుచు కేంద్ర రోడ్డురవాణాశాఖవారు చిత్తు మార్గదర్శకసూత్రములను వెలువరించిన సంగతి 2026 జనవరి మొదటివారమున పత్రికల కెక్కినది. మనుష్యులకు ఆధార్ సంఖ్య యెట్టిదో బ్యాటరీల కీ సంఖ్య యట్టిదని దీనికి ‘బ్యాటరీ ప్యాక్ ఆధార్’ అని పేరిడిరి. తయారుచేయువాడు గాని, దిగుమతి చేయువాడు గాని ఈ సంఖ్యను చెరిగిపోకుండునట్లును, కంటికి కన్పట్టునట్లును పెట్టెపై నుంచవలెను. పాతపెట్టెను వేరొక యుపయోగమునకు మార్చినచో దానికి క్రొత్తసంఖ్య తీసికొనవలెను. ఉద్దేశము మెచ్చదగినది. కాని సంఖ్య యొసగుటతోడనే పని ముగిసినదని తలంచినచో, సర్వే నంబరు చూచి భూమి కొన్నవానికి పట్టిన గతియే మనకును పట్టును.

ఇది వ్యాపారుల లెక్కపుస్తకములకు మాత్రమే సంబంధించిన విషయము కాదు, ప్రాణములకు సంబంధించినది. 2022 ఏప్రిలులో నిజామాబాదున ఒక వృద్ధుడును, కొలది దినములకే విజయవాడలో ఒక గృహస్థుడును, ఇంటిలో ఛార్జింగుకు పెట్టిన స్కూటరు బ్యాటరీ ప్రేలుటచే మరణించిరి. ఆ సంవత్సరమే సెప్టెంబరు 12వ తేదీ రాత్రి సికిందరాబాదులో విద్యుత్ స్కూటర్ల దుకాణమున్న యొక భవనమున అగ్ని రగిలి, పొగ పై యంతస్తులలోని వసతిగృహమును క్రమ్ముకొనగా ఎనమండుగురు ప్రాణములు గోల్పోయిరి. ఇట్టి ప్రమాదములు జరిగినపుడు నష్టపరిహారమెంత, దోషి యెవ్వడు అను ప్రశ్నలు సహజముగ పుట్టును. కాని వానికంటె ముందుగ అడుగవలసిన ప్రశ్న వేరొకటి గలదు. ఈ సెల్లులతోపాటు అదే దినమున, అదే యంత్రముపై తయారైన తోడి సెల్లులు ఇంకెన్ని యిండ్లలో ఈ రాత్రి ఛార్జింగుకు పెట్టబడి యున్నవి? దీనికి గంటలలో సమాధానము చెప్పగలిగిన దేశమున రెండవ ప్రమాదము తప్పును. చెప్పలేని దేశమున రెండవ ప్రమాదము సంభవించినపిదపనే మొదటిదాని కారణము తెలియవచ్చును.

ఆ సంవత్సరపు దుర్ఘటనలపై కేంద్రప్రభుత్వము నియమించిన నిపుణులసంఘమునకు, హైదరాబాదులోని లోహచూర్ణ, నూతనపదార్థ పరిశోధనకేంద్రమునకు డైరెక్టరుగా నుండిన తాతా నరసింగరావుగారు అధ్యక్షత వహించిరి. ఆ సంఘము సూచనలపై సవరించిన నిబంధనలు 2022 డిసెంబరు 1వ తేదీనుండి మొదటి విడతగను, 2023 మార్చి 31వ తేదీనుండి రెండవ విడతగను అమలునకు వచ్చినవి. సెల్లుపై తయారైన కాలము తెలియవలెననియు, పెట్టె వరుససంఖ్యతోపాటు దానిలోని సెల్లులు మున్నగు ముఖ్యభాగముల వివరములను తెలుపు పత్రమును భద్రపరుపవలెననియు అందు విధించిరి. కనుక మనదేశమున ఈ యాలోచన క్రొత్తది కాదు. బీజము నాడే పడినది. అది వేరూనినదా లేదా యనునదే ప్రశ్న.

వేరు ఎంతలోతునకు పోవలెనో తెలియుటకు సెల్లు తయారగు విధము కొంత యెరుగుట యవసరము. బ్యాటరీ పెట్టెలో కొన్ని కార్లకు వందలకొలదిగను, కొన్నింటికి వేలకొలదిగను సెల్లు లుండును. లిథియముతో నికెలు, కోబాల్టు, మాంగనీసు చేరిన పొడిని గాని, లిథియముతో ఇనుము, భాస్వరము చేరిన పొడిని గాని ద్రవముతో కలిపి ముద్దచేసి, పలుచని అల్యూమినియపు రేకుపై పూయుదురు. గ్రాఫైటు ముద్దను రాగిరేకుపై పూయుదురు. ఈ రేకులు వందలకొలది గజముల పొడవున తానులవలె చుట్టబడి యుండును. వానిని ఆరబెట్టి, రోలరులక్రింద నొక్కి, పట్టీలుగ కోసి, రెండింటి నడుమ సన్నని వేర్పాటుపొర నుంచి మడచిగాని, పేర్చిగాని తొడుగులో అమర్చి, ద్రవము పోసి మూసివేయుదురు. తరువాత మొదటిసారి విద్యుత్తు నెక్కించి, దినములతరబడి నిలువయుంచి, తమంతట తామే బలము గోల్పోవువానిని ఏరివేయుదురు.

చిక్కు ఇచ్చటనే యున్నది. పొడి బస్తాకొక సంఖ్య యుండును. ముద్ద కలిపిన తొట్టెకొక సంఖ్య యుండును. పూసిన తానున కొక సంఖ్య యుండును. సెల్లునకు తనదైన సంఖ్య యేర్పడునది మాత్రము అది సెల్లుగ రూపొందినపిదపనే. తానుకోసి చొక్కాలు కుట్టిన దర్జీని, ఈ చొక్కా తానులో ఏ గజముననుండి వచ్చినదని యడిగిన నేమి చెప్పగలడు? కోయుటకు ముందుగనే గుర్తు పెట్టుకొన్నవాడే చెప్పగలడు. రేకుపై ఫలానాచోట పూత పలుచబడినదని యంత్రము కనిపెట్టినను, ఆ చోటు ఏ సెల్లులో చేరినదో వ్రాయబడనిచో ఆ జ్ఞానము నిష్ఫలము. బస్తా సంఖ్యను తొట్టెసంఖ్యతోను, తొట్టెను తానుతోను, తానులోని గజమును సెల్లుతోను, సెల్లును పెట్టెతోను, పెట్టెను బండితోను ముడివేయుటయే వంశవృక్షము. అందొక ముడి వీడినను పైనున్న సంఖ్య యలంకారమాత్రమగును.

ముడి సరిగ పడనందున నెంత నష్టము వాటిల్లునో అమెరికాదేశపు జనరల్ మోటార్సు కంపెనీవారి యనుభవము తెల్పుచున్నది. వారి బోల్ట్ అను విద్యుత్ కారులలో కొన్ని, నిలిపియున్నపుడే నిప్పంటుకొనెను. ఆ సెల్లులు దక్షిణ కొరియాకు చెందిన ఎల్‌జీ కంపెనీవి. ఒక్కొక్క పెట్టెలో 288 సెల్లులు. దోషము కొరియాలోని ఓచాంగ్ కర్మాగారపు సెల్లులకే పరిమితమని తలచి 2020 నవంబరులో సుమారు 68 వేల బండ్లను వెనుకకు పిలిచిరి. పిమ్మటి శోధనలో చిరిగిన ఋణధ్రువపు కొస, మడతపడిన వేర్పాటుపొర అను రెండు అరుదైన లోపములు ఒకే సెల్లులో కలిసినపుడు అగ్ని పుట్టుచున్నదని తేలినది. తుదకు ఓచాంగులో గాక ఇతరచోట్ల తయారైన సెల్లులందును లోపము కన్పట్టగా, 2021 ఆగష్టులో అంతవరకు తయారైన బోల్ట్ బండ్లన్నిటిని, అనగా సుమారు 1 లక్షా 42 వేల బండ్లను వెనుకకు పిలువవలసివచ్చెను. బండిని ఇతర బండ్లకు 50 అడుగుల దూరమున నిలుపుడని యజమానులకు సలహా యిచ్చిరి. వ్యయము సుమారు 200 కోట్ల డాలర్లు కాగా, అందు 190 కోట్లవరకు భరించుటకు సెల్లుల కంపెనీ యొప్పుకొన్నది.

దీనినుండి మేము గ్రహించిన పాఠ మిది. సెల్లు ఏ కర్మాగారమున, ఏ కాలమున పుట్టినదో తెలిసియున్నను చాలలేదు. అరుదైన లోపమున్న కొలది సెల్లులను, నిర్దోషములైన లక్షల సెల్లులనుండి విడదీసి చూపగల సూక్ష్మమైన చరిత్ర ఆ సమయమున చేతికందలేదు. అందుచే కొలదివానికై సమస్తమును అనుమానింపవలసివచ్చినది. ధనికమైన కంపెనీ గనుక సమస్తమును మార్చి యిచ్చినది. అంతటి మూలధనము లేనివానికి అట్టి యాపద వచ్చినచో వాడు దుకాణము మూసివేయును. బండి కొన్నవాడు నిప్పును ఇంటిలో పెట్టుకొని యుండును.

ఇది కర్మాగారములోపలి కథ. కర్మాగారపు తలుపునకు వెనుక మరొక సుదీర్ఘమైన కథ గలదు. ప్రపంచమున గనులనుండి వచ్చు కోబాల్టులో దాదాపు మూడింట రెండువంతులకు మించినది ఆఫ్రికాలోని కాంగో దేశముననుండియే వచ్చుచున్నది. అందధికభాగము పెద్దయంత్రములతో త్రవ్వినదైనను, కొంతభాగము కోల్వెజి ప్రాంతమున పేదలు చేతిపనిముట్లతో, ప్రాణములకు తెగించి సొరంగములలో త్రవ్వినది. వారిలో పిల్లలును గలరని ఆమ్నెస్టీ సంస్థ 2016 జనవరిలో ప్రకటించిన నివేదికవలన లోకమునకు విశదమైనది. ఆ ఖనిజమును దళారులు కొని, కొట్లలో కలిపి, శుద్ధిచేయువారికి అమ్ముదురు. శుద్ధికర్మాగారములు మిక్కిలిగ చీనాదేశమున నున్నవి. అచ్చట కొలిమిలో చేరినతరువాత, పిల్లవాడు త్రవ్విన ఖనిజ మేది, యంత్రము త్రవ్విన ఖనిజ మేదియని ఏ రసాయనశాస్త్రజ్ఞుడును చెప్పజాలడు.

అందుచే ఇచ్చట వస్తువును గాక తూకమును గుర్తించు పద్ధతి నవలంబించిరి. బియ్యపుమిల్లును చూచినవారికి ఇది సులభగ్రాహ్యము. నూర్గురు రైతుల ధాన్యము ఒకే గాదెలో పడినతర్వాత ఎవరి గింజ యేదో తెలియదు. అయినను ఇంత ధాన్యమునకు ఇంత బియ్యమను లెక్క యుండనే యున్నది. వచ్చినదెంత, పోయినదెంతయని పుస్తకము చూడవచ్చును. కాని మిల్లులను ఎరిగినవారే దానిలోని మోసమునుగూడ ఎరుగుదురు. పుస్తకమున రైతుధాన్యమును చూపి, గోదామున రేషను బియ్యమును నింపినను లెక్క సరిపోవును. కావున తూకపులెక్క అవసరమే యైనను, అది గనిముఖమున చూచు కన్నునకు బదులు కానేరదు. పుస్తకము సరిపోయినదని మాత్రమే యెవరైనను ధర్మపత్రము నిచ్చినచో, ఆ పత్రము ఎవరిచేత, ఏ చోట, ఏమి చూచి వ్రాయబడినదో మనమడుగవలెను.

ఇతరదేశములు ఈ విషయమున చేతులు ముడుచుకొని యుండలేదు. చీనాదేశము 2018 ఆగష్టునుండియే బండ్ల బ్యాటరీలను పుట్టుకనుండి పునరుద్ధరణవరకు గుర్తించు జాతీయ పద్ధతిని నడుపుచున్నది. ఐరోపా సమాఖ్య 2023 ఆగష్టు 17వ తేదీన అమలునకు వచ్చిన బ్యాటరీ చట్టముక్రింద, 2027 ఫిబ్రవరి 18వ తేదీనుండి విద్యుత్ బండ్ల బ్యాటరీల కన్నిటికిని ‘పాస్‌పోర్టు’ నిర్బంధము చేసినది. పెట్టెపైనున్న చదరపు గుర్తును ఫోనుతో చూచినచో కొన్ని వివరములు అందరికిని, కొన్ని బాగుచేయువారికిని, పునరుద్ధరించువారికిని, కొన్ని అధికారులకు మాత్రమే కన్పించును. కోబాల్టు, లిథియము, నికెలు, సహజ గ్రాఫైటు ఎచ్చటనుండి వచ్చినవో, ఆ చోట అన్యాయమేదైన జరిగినదో విచారించు బాధ్యతను గూడ ఆ చట్టము కంపెనీలపై మోపినది. అయితే 2025 ఆగష్టున ప్రారంభము కావలసిన ఈ బాధ్యత రెండేండ్లు వెనుకకు జరిగి 2027 ఆగష్టు 18వ తేదీకి వాయిదాపడినది. ధర్మమును శాసించుట సులభమనియు, గనివరకు పోయి దానిని నిరూపించుట కష్టమనియు ఈ వాయిదాయే తెల్పుచున్నది.

ఇపుడు మన సంగతి విచారింతము. మనదేశమున అమ్ముడగుచున్న బండ్లలోని సెల్లులలో అత్యధికభాగము విదేశములనుండి, ముఖ్యముగ చీనానుండి వచ్చినవి. మనవారు సెల్లులను తెప్పించి, పెట్టెలో అమర్చి, తీగెలు కలిపి, అదుపుచేయు పలకను బిగించి, పైన తమపేరు వ్రాసికొనుచున్నారు. ఇట్టి స్థితిలో మనము పెట్టెకిచ్చు సంఖ్య, జననమెరుగని బిడ్డకు బడిలో చేర్చునపుడు వ్రాసిన పుట్టినతేదీ వంటిది. బిడ్డ నిజమైన జాతకము పరదేశపు కర్మాగారపు యంత్రములలో నున్నది. దానిని తెరచి చూపుమని యడుగు హక్కును మనము కొనుగోలు ఒడంబడికలో వ్రాసికొననంతవరకు, ఆపద వచ్చిననాడు వారు దయదలచి చెప్పినదే మనకు వేదవాక్యము.

సెల్లులను స్వదేశముననే తయారుచేయుట దీనికి శాశ్వతమైన మందు. ఇందులకై 2021 మే నెలలో కేంద్రప్రభుత్వము 50 గిగావాట్ అవర్ల శక్తిగల కర్మాగారములను ఉద్దేశించి 18,100 కోట్ల రూపాయల ప్రోత్సాహక పథకమును అంగీకరించినది. తెలంగాణమున మహబూబ్‌నగరుచెంత దివిటిపల్లిలో, తిరుపతిలో పుట్టిపెరిగిన అమరరాజా సంస్థవారు 9,500 కోట్ల రూపాయల పెట్టుబడితో, 16 గిగావాట్ అవర్లవరకు పెంచు సంకల్పముతో తలపెట్టిన కర్మాగారమునకు 2023 మే 6వ తేదీన శంకుస్థాపన జరిగినది. తెలుగుగడ్డపై నిట్టి ప్రయత్నము జరుగుట మనకందరకును సంతోషకారణము. కాని మన గడ్డపై తయారైనంతమాత్రమున సెల్లు దోషరహితము కాదు. పాతకర్మాగారమునకు తర్వాత చరిత్ర వ్రాయు యంత్రములను తగిలించుటకంటె, క్రొత్తకర్మాగారమున మొదటిరేకు పూసిన దినముననే ఆరంభించుట సులభము. ఈ యవకాశమును స్వదేశీ పరిశ్రమలు జారవిడువరాదు. స్వదేశీ యనగా మనము చేసినదని మాత్రమే కాదు. మనము చేసినదానికి మనమే పూచీపడగలమని.

దీనికి ఆక్షేపణలు లేకపోలేదు. చిన్న పరిశ్రమలవారు ఈ భారమును మోయలేరని కొందరందురు. ఇందు కొంత సత్యము గలదు. కొలదిమంది పనివారితో పెట్టెలు కూర్చు శాలకు, పెద్దకంపెనీకి విధించిన కాగితములనన్నిటిని విధించినచో అది మూతపడును. లేదా దొంగలెక్క వ్రాయును. అయినను అట్టిశాల చేయవలసినపని స్వల్పమే. వచ్చిన ప్రతిసెల్లు సంఖ్యను, అది చేరిన పెట్టెసంఖ్యను యంత్రముతో చదివించి ముడివేసిన చాలును. ఐరోపాలో వోల్వో కంపెనీ 2024లో ఈఎక్స్90 అను కారునకు తొలిసారిగ సిద్ధపరచిన పాస్‌పోర్టునకు కారొక్కింటికి సుమారు 10 డాలర్లు వ్యయమగునని వార్త వెలువడినది. గనివరకు పోయిన చరిత్రకే అంతవ్యయమైనపుడు, సెల్లువరకు పోవుదానికి భయపడవలసిన పనిలేదు. ఇక, తయారీ రహస్యములు బయటపడునని మరికొందరందురు. వంటలో ఏ దినుసు ఎంత వేసితివని మేమడుగుటలేదు. ఈ విస్తరిలోని యన్నము ఏ గుండిగలోనిదని మాత్రమే యడుగుచున్నాము.

మూడవ ఆక్షేపణ మరింత గంభీరమైనది. బండి అమ్ముడైన తరువాత దాని బ్రతుకు కర్మాగారమువారి చేతిలో నుండదు. బజారులో బాగుచేయువాడు పెట్టె విప్పి, చెడిన సెల్లులను తీసి వేరొకచోట కొన్నవానిని అతుకును. బలముతగ్గిన పెట్టె ఇండ్లలో ఇన్వర్టరుగ మారును. పనికిరానిది పాతసామానుల కొట్టునకు చేరును. 2022లో వెలువడిన బ్యాటరీ వ్యర్థముల నిబంధనలప్రకారము, విద్యుత్ బండ్ల క్రొత్త బ్యాటరీలలో పాతవానినుండి తీసిన పదార్థము 2027-28లో నూటికి 5 వంతులనుండి 2030-31 నాటికి 20 వంతులవరకు నుండవలెను. పెట్టె ఎచ్చట విప్పబడినదో, దానిలోని లోహము ఎవరిచేతికి పోయినదో లెక్కలేనిచో ఈ వంతులు కాగితముపై నిండును గాని కొలిమిలో నిండవు. బాగుచేయువానిని దొంగగ చూచి వానిని చట్టమునకు వెలుపల నుంచుట పరిష్కారము కాదు. వానికి శిక్షణయు, లైసెన్సును ఇచ్చి, తాను మార్చినదానిని ఆ సంఖ్యక్రిందనే వ్రాయించుట పరిష్కారము.

ఈ హేతువులచే తుది నిబంధనలలో నాలుగు విషయములకు స్పష్టమైన చోటుండవలెనని మేము కోరుచున్నాము. మొదటిది, పెట్టెసంఖ్యను దానిలోని ప్రతిసెల్లు సంఖ్యతో ముడివేయవలెను. విదేశపు విక్రేత సెల్లు పుట్టుపూర్వోత్తరములను భద్రపరచి, అడిగినపుడు చూపుటకు ఒడంబడికలో నొప్పుకొననిచో దిగుమతికి అనుమతి యుండరాదు. రెండవది, ఈ చరిత్ర పని జరుగుచున్నపుడే యంత్రముచే వ్రాయబడవలెను. వ్రాసినది నిజమగునో కాదో, విక్రయశాలలనుండి పెట్టెలను తీసి, విప్పి చూచి పరీక్షించు స్వతంత్రాధికారు లుండవలెను. మూడవది, కొన్నవాడు తన ఫోనుతో, తన భాషలో, తన పెట్టె వయస్సును, సెల్లుల మూలమును, వెనుకకు పిలువబడిన జాబితాలో నది యున్నదో లేదో తెలిసికొనగలుగవలెను. అగ్నిమాపకదళమువారికి లోపల నే రసాయనమున్నదో తెలియవలెను. నాలుగవది, చిన్నపరిశ్రమలకును, బాగుచేయువారికిని జిల్లాకేంద్రములందు ఉమ్మడి పరీక్షాశాలలు నెలకొల్పవలెను.

ఐరోపావారి తేదీకి జడిసి ఎగుమతి పెట్టెలకు మాత్రము చక్కని చరిత్ర వ్రాసి, మన యూళ్లకు వచ్చు స్కూటర్లకు ఉత్తసంఖ్యను అంటించుట జరుగరాదు. పరదేశపు కొనుగోలుదారునకు చూపించు లెక్క మన నిజామాబాదు వృద్ధునకును, విజయవాడ గృహస్థునకును దక్కవలసిన లెక్కయే. భూమికి పట్టా యిచ్చినప్పుడు సరిహద్దురాళ్లు పాతింపనిచో తగవులు తరతరములకు మిగులును. ఆ తగవులలో పోవునది సొమ్ము. ఇచ్చట పోవునది ప్రాణము. ప్రభుత్వమువారు సంఖ్యతో తృప్తిచెందక, దాని వెనుకనుండవలసిన దస్తావేజుల నన్నిటిని కోరుదురుగాక యని ఆశించుచున్నాము. బండి కొనబోవువారును ధరయు, మైలేజియు అడిగినంత నిర్మొగమాటముగ, “ఈ సెల్లు లెచ్చటివి, ఎప్పటివి?” యని దుకాణదారుని అడుగవలెను. అడుగువారు లేనిచో చెప్పువా రుండరు.